కైసా పెళ్ళిచీర

"కత్తెర కింద పెట్టండి అత్తయ్యగారూ! మీకు దణ్ణం పెడతాను, ముందా కత్తెర కింద పెట్టండి!"

కనకదుర్గ గొంతు మెట్ల దాకా వినిపిస్తోంది. పాల డబ్బా, బ్రెడ్డు ఉన్న సంచీతో ఫ్లాట్‌కి ఎక్కి వస్తున్న విద్యాసాగర్ కింది మలుపులోనే ఆగిపోయాడు. కంగారుపడి కాదు. ఈమధ్య ఇంట్లోంచి ఏ కేక వినిపించినా, లోపలికి వెళ్ళే ముందు కాసేపు బయటే నిలబడి ఊపిరి పీల్చుకోవడం అతనికి అలవాటైపోయింది.

తలుపు తీసే ఉంది. భోజనాల బల్ల మీద ఎర్రపట్టు రాశిగా పడి ఉంది. బల్లకి ఒక పక్కన అతని అత్తగారు హిల్మా కూర్చుని ఉంది. తొంభై దాటిన మనిషి. కళ్ళజోడు ముక్కు చివరికి జారింది. పెదవుల మధ్య గుండుసూదులు కరిచిపట్టుకుని ఉంది. రెండో పక్కన అతని చెల్లెలు కనకదుర్గ చీర కొంగు రెండు చేతులా పట్టుకుని నిలబడింది. కొంగుకీ, కత్తెరకీ మధ్య చీర లేదు. ముక్కలున్నాయి.

అది ఏ చీరో తెలుసుకోవడానికి విద్యాసాగర్ రెండోసారి చూడక్కర్లేకపోయింది.

"చూశావా అన్నయ్యా, మీ అత్తగారి నిర్వాకం? స్నానం చేసి వచ్చేసరికి ఇట్లా ఉంది. వదిన పెళ్ళిచీర! అమ్మ పంపించిన చీర!"

హిల్మా నోట్లోని సూదులు ఒక్కొక్కటే తీసి చిన్న దిండుకి గుచ్చింది. తర్వాత నిదానంగా, ఇంగ్లీషులో, "లాగొద్దని చెప్పు ఆమెకి," అంది. "పట్టు సాగిపోతుంది."

"ఏమంటోంది?"

"లాగొద్దంటోంది."

"ఆవిడ కొయ్యచ్చు, నేను లాగకూడదా!" కనకదుర్గ కొంగు వదిలేసి కుర్చీలో కూలబడింది. ఏడుపు వస్తుందనుకుంది కాబోలు, తన చెంగు మొహం దాకా తెచ్చుకుంది. రాలేదు. ఊరికే మొహం తుడుచుకుంది.

ముప్ఫై ఏళ్ళ పైమాట. తెనాలి నుంచి వచ్చిన కుర్ర డాక్టరు విద్యాసాగర్, ఇదే గ్లాస్గోలో ఆసుపత్రిలో పనిచేసే కైసా అనే ఫిన్లాండు నర్సుని చేసుకుంటున్నాడని తెలిసిన రోజున, వాడి మొహం చూడనని తండ్రి ఒట్టు పెట్టాడు. తల్లి మాత్రం కాలేజీ చదువుతున్న కూతుర్ని వెంటబెట్టుకుని, గుడికని చెప్పి బజారుకి వెళ్ళి, వెంకటగిరి పట్టుచీర కొంది. ఎవరో తెలిసినవాళ్ళ అబ్బాయి లండన్ వెళ్తుంటే అతని పెట్టెలో పెట్టించింది. చలికి తట్టుకోలేక కైసా ఉన్ని స్వెట్టరు మీదే ఆ చీర కట్టుకుని రిజిస్ట్రారు ముందు సంతకం పెట్టింది. చూసినవాళ్ళు నవ్వారు. కైసా కూడా నవ్వింది.

ఆ కైసా పోయి రెండేళ్ళవుతోంది. ఆమె తల్లి అల్లుడింట్లోనే ఉండిపోయింది.

లోపలి గది తలుపు తెరుచుకుంది. రాత్రి మాంచెస్టర్ నుంచి వచ్చిన నీలిమ, నిద్రకళ్ళతో వచ్చి బల్ల దగ్గర నిలబడిపోయింది. ముప్ఫై ఏళ్ళ లాయరు. తెలుగు అంతా అర్థమవుతుంది, జవాబు మాత్రం ఇంగ్లీషులోనే వస్తుంది.

"ముమ్మో," అంది నీలిమ. అమ్మమ్మని చిన్నప్పటి నుంచీ పిలిచే ఫిన్లాండు పిలుపు అది. "ఏం చేశావ్? అది నాది. అమ్మ నాకిస్తానంది."

"నీదేంటే? మా అమ్మ కొంది," అంది కనకదుర్గ.

"నా కూతురు కట్టుకుంది," అంది హిల్మా.

కింద వీధిలో బస్సు ఆగి వెళ్ళిన చప్పుడయింది.

"ఏం కుడుతున్నారు?" అని అడిగాడు విద్యాసాగర్.

"కోటు. సోమవారానికి."

సోమవారం హెల్సింకీ నుంచి లీసా అనే అమ్మాయి వస్తోంది. పాత సినిమాలు భద్రపరిచే చోట పని ఆమెకి. నీలిమే ఫోన్లు చేసి ఏర్పాటు చేసింది. మాటల్లేని సినిమాల కాలంలో హిల్మా కథానాయికగా వేసిన సినిమా ఒకటి, ఎప్పుడో తగలబడిపోయిందనుకున్నది, ఇప్పుడు దొరికిందట. వీడియో క్యాసెట్‌లో తెచ్చి చూపిస్తారట. హిల్మా చెప్పే కబుర్లు రికార్డు చేసుకుంటారట. ఆ మాట విన్నప్పటి నుంచీ హిల్మా వద్దనే అంటోంది. వారమంతా గదిలోంచి సరిగా బయటికి రాలేదు, పెట్టింది తినలేదు. నిన్న సాయంత్రం ఉన్నట్టుండి "సరే, రమ్మను" అంది. ఇవాళ పొద్దున్న బీరువా తీసింది.

"కోటు కావాలంటే షాపుకి తీసుకెళ్ళేదాన్ని కదా ముమ్మో."

"షాపు కోటు అక్కర్లేదు."

"అడిగితే ఏం పోయేది? ఒక్క మాట అడిగితే?"

"అడిగితే ఇచ్చేవాళ్ళా?"

నీలిమ ఒక ముక్క ఎత్తి చూసి, మళ్ళీ బల్ల మీద పెట్టింది.

విద్యాసాగర్ పాల డబ్బా ఫ్రిజ్‌లో పెట్టి వచ్చాడు. కుర్చీ లాక్కుని కూర్చున్నాడు. అతనికి కోపం రాలేదు. అందుకే అతనికి భయం వేసింది. "దుర్గా," అన్నాడు చెల్లెలితో, తెలుగులో. "నా వల్ల కాదింక. సోమవారం పొద్దున్నే ఆ వృద్ధుల కేర్ హోమ్‌కి ఫోన్ చేసి సరేనంటాను. గది ఖాళీగా ఉందన్నారు. వచ్చే గురువారం తీసుకెళ్ళచ్చట."

"డాడ్!" అంది నీలిమ. "ఇప్పుడా? ఈ వారమా?"

"ఏ వారమైతే బావుంటుంది చెప్పు."

"నన్నొక్క మాట అడగాలి కదా?"

"నువ్వు మాంచెస్టర్‌లో ఉంటావ్. నెలకోసారి వస్తావ్. ముమ్మోకి పువ్వులు తెస్తావ్, ఆవిడ నవ్వుతుంది, నువ్వు రైలెక్కుతావ్. రాత్రిపూట ఆవిడ నన్ను ఎవరో అనుకుని ఫిన్నిష్‌లో కేకలేస్తుంటే నేను లేచి లైటు వేస్తాను. కౌన్సిల్ వాళ్ళు పంపే కేరర్ డ్యూటీ ప్రకారం వస్తుంది, డ్యూటీ ప్రకారం వెళ్ళిపోతుంది. క్లినిక్‌లో నేను పేషెంట్ ఎదురుగా కూర్చుని నిద్రపోయాను. నీకు తెలుసా ఆ సంగతి?"

"అది అన్యాయం, డాడ్."

"అన్యాయమే. కాదనలేదే."

ఇంతసేపూ ముక్కల కేసి చూస్తూ కూర్చున్న కనకదుర్గ తలెత్తింది. "చీర కోసిందని మనిషిని ఇంట్లోంచి పంపించేస్తావా?"

"చీర కోసమా దుర్గా? మొన్న గ్యాస్ కట్టెయ్యలేదు. అంతకుముందు బాత్‌రూమ్‌లో పడింది. నీ వీసా క్రిస్మస్ దాకానే. నువ్వు వెళ్ళాక ఎట్లా?"

"అట్లాగని..." కనకదుర్గ పట్టు ముక్క ఒకటి తీసి మడత పెట్టింది. భర్త పోయాక అన్నకి సాయంగా ఉందామని వచ్చింది. ఎనిమిది నెలలుగా ఈ ముసలావిడకి తలదువ్వి, మేజోళ్ళు తొడిగి, గోరువెచ్చటి గంజి తాగిస్తోంది. ఆవిడేదో తన భాషలో అంటుంది, తను తెలుగులో తిడుతుంది. ఇద్దరికీ అలవాటైపోయింది. తన నడుమూ పడిపోయింది. అన్న మాట తప్పని గట్టిగా అనలేదు, రైటనీ అనలేదు.

తెలుగులో జరిగిన ఆ మాటల్లో 'కేర్ హోమ్' ఒక్కటి హిల్మాకి అర్థమయింది. ఆమె కళ్ళజోడు సర్దుకుంది.

"సోమవారం అయిపోనీ విద్యా," అంది. "తర్వాత ఎక్కడికంటే అక్కడికి. నేను గొడవ చెయ్యను."

కుట్టుమిషను తనవైపు లాక్కుంది. దాని చప్పుడులో మిగతా ముగ్గురూ బల్ల చుట్టూ అట్లాగే ఉండిపోయారు.

* * *

ఆదివారం మధ్యాహ్నం నీలిమ మేనత్తని కూరగాయల కొట్టుకి తీసుకెళ్ళింది. చీర గురించి ఇద్దరూ మళ్ళీ మాట్లాడలేదు. మాట్లాడుకోకుండా ఉండడానికే బయటికి వెళ్ళారేమో కూడా.

విద్యాసాగర్ రెండు కప్పుల టీ పట్టుకుని బల్ల దగ్గరికి వచ్చాడు. బయట సన్నగా వాన. హిల్మా కోటు చేతికి కుట్టు వేస్తోంది. కోటు దాదాపు ఆకారానికి వచ్చింది. చీర అంచు మెడ దగ్గర మొదలై, ముందు భాగం వెంట నిట్టనిలువునా కిందికి దిగింది. జరీ ఎక్కడా విరగలేదు. ఆమె వేళ్ళు వణుకుతున్నాయి గాని కుట్టు వణకడంలేదు.

"ఎందుకు కోశారు హిల్మా?" అన్నాడు. "కోపంతో అడగడంలేదు. నాకు తెలియాలి."

ఆమె టీ ఒక గుక్క తాగింది. ఇవాళ ఆమె ఇంగ్లీషు బాగానే ఉంది. కొన్ని రోజులు ఉంటుంది, కొన్ని రోజులు ఉండదు.

"నేను వేషాలు ఎందుకు మానేశానో కైసా నీకు చెప్పిందా?"

"మాటల సినిమాలు వచ్చాయి, మీ యాస నచ్చలేదన్నారు అని చెప్పింది."

"యాస." హిల్మా నవ్వింది. "మా నాన్న టుర్కు అనే ఊళ్ళో దర్జీ. ఇంట్లో స్వీడిష్ మాట్లాడేవాళ్ళం, ఫిన్నిష్ కాదు. హెల్సింకీలో నాటకాల వాళ్ళ దగ్గర కుట్టుపనికి చేరాను. పడవ నడపడం వచ్చిన పిల్ల కావాలని ఒకరోజు సినిమా వాళ్ళు వచ్చారు. నాకు వచ్చు. అంతే, నేను నటినైపోయాను. మూడు సినిమాలు. వీధిలో నన్ను చూసి జనం ఆగిపోయేవాళ్ళు. తర్వాత మైకు వచ్చింది. ఫిన్నిష్‌లో ఒక వాక్యం చదవమన్నారు. చదివాను. గదిలో అందరూ నవ్వారు. కెమెరా పట్టుకున్నవాడు కూడా నవ్వాడు."

"అయ్యో."

"ఒక్కడు నవ్వలేదు. ఆర్వో. నా పక్కన హీరో. బయట మెట్ల మీద కూర్చుంటే వచ్చి, 'నీ చేతులకి యాస లేదుగా' అన్నాడు. మాకు బట్టలు కుట్టు అన్నాడు. కుట్టాను. రాణులకీ, పాలమ్మే పిల్లలకీ, సైనికులకీ, అందరికీ నేనే. నా తర్వాత వచ్చిన హీరోయిన్ల కొలతలన్నీ నా దగ్గరే ఉండేవి. తెర మీద నా పేరు కూడా వేశారు. ఒకసారి." సూది ఆగింది. "అతనికి భార్య ఉంది. చిన్న కొడుకున్నాడు. ఆ కుర్రాడికి పుట్టినరోజు సూటు కూడా నేనే కుట్టాను. తర్వాత కైసా పుట్టింది."

విద్యాసాగర్‌కి వెంటనే అర్థం కాలేదు. అర్థమయ్యాక, అతని చూపు తనంతట తనే గోడవారనున్న అల్మరా మీదికి వెళ్ళింది. అక్కడ వెండి చట్రంలో ఒక ఫొటో ఉంది. సైనిక దుస్తుల్లో నవయువకుడు. కైసా పుట్టాక యుద్ధంలో చనిపోయిన తండ్రి అనే ఇంట్లో అందరికీ తెలుసు. ప్రతి ఏడాదీ డిసెంబరులో, ఫిన్లాండు స్వాతంత్ర్య దినాన, కైసా ఆ ఫొటో ముందు రెండు కొవ్వొత్తులు వెలిగించేది. చిన్నప్పుడు నీలిమ బడికి వెళ్తూ దానికి సెల్యూట్ చేసేది.

"మరి అతనెవరు?"

"ఎవరో. పేరు గుర్తులేదు. యుద్ధం సీనులో వెనక వరసలో నిలబడ్డ కుర్రాడు. ఆ యూనిఫాం నేను కుట్టిందే. ఫొటో ఒకటి మిగిలిపోతే తెచ్చుకున్నాను. పిల్ల అడగడం మొదలుపెట్టింది, ఏదో ఒకటి చూపించాలి కదా."

టీ చల్లారిపోతోంది. ముప్ఫై ఏళ్ళుగా ఆ చట్రం మీద దుమ్ము తుడిచినవాళ్ళలో తనూ ఒకడు.

"కైసాకి తెలుసా?"

"లేదు."

"చివర్లో కూడానా?"

"చివర్లో చెబుదామని మంచం పక్కన కూర్చున్నాను. నిద్రపోయింది. మందు నువ్వే ఇచ్చావు. నొప్పి తెలియకుండా ఉండాలని."

ఆమె గొంతులో నింద లేదు. అందుకే విద్యాసాగర్ తల వంచుకున్నాడు. కప్పు పక్కకి జరిపి అన్నాడు, "ఆ సినిమా వాళ్ళని రావద్దని ఫోన్ చేసేస్తాను. నీలిమకి ఏదో ఒకటి చెబుదాం. మీ ఒంట్లో బాలేదందాం."

"వద్దు. మొదట నేనూ అదే అనుకున్నాను. ఆ సినిమాలో ఆర్వో ఉంటాడు. కైసాని చూసినవాళ్ళు ఎవరు చూసినా గుర్తుపడతారు. అందుకే తిండి మానేశాను, వాళ్ళు రాకుండా పోతారేమోనని. తర్వాత అలిసిపోయాను. దాచి దాచి అలిసిపోయాను విద్యా." కోటు ఎత్తి వెలుతురుకి పట్టుకుని చూసింది. "అతను ఆ పిల్లకి ఏమీ ఇవ్వలేదు. పేరు ఇవ్వలేదు, ఒక బొమ్మ ఇవ్వలేదు. మీ అమ్మ దాని మొహం కూడా చూడకుండా ఇది పంపించింది. రేపు తెర మీద అతని ఎదురుగా ఇది వేసుకుని కూర్చుంటాను. చూడనీ."

"నీలిమకి నేను చెప్పనా, ముందుగా?"

"చెప్పకు. చూసుకుంటే చూసుకుంటుంది. లేకపోతే లేదు."

అది తప్పని విద్యాసాగర్‌కి తెలుసు. కూతురికి చెప్పాలని తెలుసు. మెట్ల మీద సంచీల చప్పుడు, నీలిమ నవ్వు వినిపించాయి. తలుపు తీసుకుని వచ్చిన కనకదుర్గ, బెండకాయలు చూడు అన్నయ్యా ఎట్లా ముదిరిపోయాయో, అంటూ వంటింట్లోకి వెళ్ళింది.

"ఏంటి డాడ్, అట్లా ఉన్నావ్?" అంది నీలిమ తను వేసుకున్న కోటు విప్పుతూ.

"ఏం లేదమ్మా. కాస్త తలనొప్పి."

ఆ తర్వాత చెప్పడానికి అతనికి సాయంత్రమంతా ఉంది. భోజనం దగ్గర నీలిమ ఎదురుగానే కూర్చుంది. పెరుగు గిన్నె అటు జరిపాడు. నీళ్ళు పోశాడు. చెప్పలేదు.

* * *

సోమవారం పొద్దున్న కేర్ హోమ్‌కి ఫోన్ చేద్దామని విద్యాసాగర్ రిసీవర్ ఎత్తాడు. హాల్లో కనకదుర్గ నేల మీద కూర్చుని, హిల్మా ఒంటి మీద ఉన్న కోటు అడుగంచు చేత్తో కుడుతోంది. ఎవరూ ఆమెని అడగలేదు.

"కదలకండి అత్తయ్యగారూ," అంటోంది. "ఎట్లాగూ కోసి పారేశారు. అంచైనా సరిగ్గా ఉండనీండి. మా అమ్మ చూస్తే ప్రాణం తీస్తుంది నాది."

హిల్మా తన భాషలో ఏదో అంది.

"ఆఁ, మీరనేది అదే, నాకు తెలుసు," అంది కనకదుర్గ.

విద్యాసాగర్ నంబరు సగం నొక్కి ఆగాడు. అప్పుడే కింద బెల్ మోగింది. రిసీవర్ పెట్టేశాడు.

లీసా పాతికేళ్ళ పిల్ల. తడిసిన గొడుగు ఎక్కడ పెట్టాలో తెలియక దాన్ని పట్టుకునే నిలబడింది. హిల్మాని చూసి ఫిన్నిష్‌లో ఏదో అంటూ వంగి రెండు చేతులూ పట్టుకుంది. రెండేళ్ళ తర్వాత ఫిన్నిష్ విన్న ముసలావిడ మొహం ఒక్కసారి తేటపడింది. కోటు కేసి చూసి ఆ అమ్మాయి చాలా బావుందన్నట్టు చెయ్యి తిప్పింది.

అందరూ టీవీ ముందు కూర్చున్నారు. నీలిమ క్యాసెట్ పెట్టింది.

మొదట తెల్లటి మచ్చలు, గీతలు. తర్వాత నీళ్ళు. నీళ్ళ మీద ఒక పడవ. పడవలో ఒక పిల్ల, చొక్కా చేతులు మోచేతుల దాకా మడిచి, తెడ్లు వేస్తూ వస్తోంది. గాలికి జుట్టు మొహం మీద పడితే ఊదుకుని నవ్వింది. చప్పుడు లేదు.

"ఈవిడేనా?" అంది కనకదుర్గ మెల్లగా. "ఎంత బావుందో తల్లీ."

హిల్మా ఆ పిల్లని చూడడంలేదు. చేతులు ఒళ్ళో పెట్టుకుని, తెరకి కుడివైపు మూల చూస్తోంది, ఎవరు ఎటు నుంచి వస్తారో తెలిసిన మనిషిలా.

అటు నుంచే ఒకతను వచ్చాడు. పొడుగాటి మనిషి. పడవ తాడు అందుకుని గట్టు మీద గుంజకి కట్టాడు. టోపీ తీశాడు. అప్పటిదాకా వెనక్కి తిరిగి ఉన్నవాడు ఇటు తిరిగి నవ్వాడు. నవ్వినప్పుడు పెదవి ఎడమ చివర పైకి కాకుండా కిందికి వంగింది.

నీలిమ లేచి నిలబడింది. "ఆపండి," అంది. రిమోట్ తన చేతిలోనే ఉందన్న సంగతి అప్పుడు గుర్తొచ్చి తనే నొక్కింది. తెర మీద ఆ మొహం సన్నగా వణుకుతూ నిలబడిపోయింది.

"అది అమ్మ," అంది నీలిమ.

తెర దగ్గరికి వెళ్ళింది.

"డాడ్, అది అమ్మ నవ్వు. ఆ కళ్ళు చూడు. డాడ్?"

విద్యాసాగర్ కిటికీ వైపు చూశాడు. కోర్టులో మనుషుల మొహాలు చదవడం అలవాటైన కూతురికి ఆ చూపు చాలు.

"నీకు తెలుసు."

"నిన్ననే తెలిసింది."

"నిన్న." నీలిమ ఆ మాటని నెమ్మదిగా పలికింది. "నిన్న నా ఎదురుగా కూర్చుని అన్నం తిన్నావ్. తలనొప్పి అన్నావ్."

"ఎట్లా చెప్పాలో..."

"అమ్మకి తెలుసా?"

"తెలియదు," అంది హిల్మా. "దాని తండ్రి అతనే. నువ్వు సెల్యూట్ చేసినవాడు కాదు. చెప్పకూడదని చెప్పింది నేను. నాన్నని అనకు."

నీలిమ కుర్చీలో కూర్చుంది. కోపం ఎవరి మీద పెట్టుకోవాలో తోచక కాబోలు, అల్మరా మీద ఫొటో కేసి, టీవీ కేసి, మళ్ళీ ఫొటో కేసి చూసింది. ఇంగ్లీషులో జరిగిన మాటలు కనకదుర్గకి సగమే అందాయి. కాని ఆ తెర మీద మొహం ఆమెకీ తెలిసిందే. ఒకసారి తెనాలి వచ్చినప్పుడు వదిన వంటింటి గుమ్మంలో నిలబడి అట్లాగే నవ్వింది.

హిల్మా లీసా వైపు తిరిగి ఫిన్నిష్‌లో మాట్లాడడం మొదలుపెట్టింది. చాలాసేపు మాట్లాడింది. లీసా కాగితం తీయలేదు, టేప్ రికార్డరు నొక్కలేదు. వింటున్నకొద్దీ ఆ పిల్ల మొహం పాలిపోయింది. చివరికి నీలిమ వైపు తిరిగి, ఇంగ్లీషులో తడబడుతూ అంది:

"నన్ను క్షమించండి. నాకు ఇదేమీ తెలియదు. ఈ సినిమా దొరికింది ఆర్వోగారి కొడుకు దగ్గర. తండ్రి ఇంటి పడవల షెడ్డులో ఉందట. ఆయనే తెచ్చి మాకిచ్చారు. తన తండ్రి పక్కన నటించిన ఆవిడ ఇంకా బతికే ఉందని తెలిసి, ఒకసారి చూసి నమస్కారం చెప్పుకుంటానని నాతో వచ్చారు. కింద కారులో ఉన్నారు. మీరు సరేనంటేనే పైకి పిలుద్దామని..."

"ఆయనకి తెలుసా?" అంది నీలిమ.

"ఏమీ తెలియదు."

నీలిమ లేచింది.

"ఆగమ్మా," అన్నాడు విద్యాసాగర్. "కాస్త ఆలోచిద్దాం. పెద్దాయన. ఇట్లా ఉన్నట్టుండి... ఇంకో రోజు పిలవచ్చు."

"ఇంకో రోజా? అమ్మకి కూడా ఇట్లాగే ఇంకో రోజు అనుకున్నారు." తలుపు తీసుకుని వెళ్ళిపోయింది. మెట్ల మీది చలి హాల్లోకి వచ్చింది.

విద్యాసాగర్ వెనకే వెళ్ళబోయాడు. "వెళ్ళనీ," అంది హిల్మా. ఆమె కనకదుర్గకి చెయ్యి చాపింది. ఏం కావాలో కనకదుర్గకి ఎవరూ చెప్పలేదు. వెళ్ళి, ముసలావిడ చంకల కింద చేతులు పెట్టి, మెల్లగా లేపి నిలబెట్టింది. కాలర్ సరిచేసింది.

కింద కారు తలుపు పడింది. మాటలు వినిపించలేదు. చాలాసేపటికి రెండు జతల అడుగులు పైకి రావడం మొదలుపెట్టాయి. ఒకటి నీలిమది. ఇంకొకటి ప్రతి మలుపులో ఆగి, మళ్ళీ బయలుదేరుతోంది.

గుమ్మంలో ఒక ముసలాయన కనిపించాడు. ఒక చేతిలో కాగితం చుట్టిన పూలు, ఇంకో చేతిలో తడిసిన టోపీ. వెనక నీలిమ నిలబడి ఉంది. పెదవులు బిగించుకుని ఉంది. ఏమీ చెప్పలేదని ఆమె మొహమే చెబుతోంది.

విద్యాసాగర్ రెండడుగులు వేసి ఆగిపోయాడు. ఆ నుదురు, ఆ కళ్ళ కింద నీడ, పలచబడిన తెల్ల జుట్టు. కైసా ఆ వయసు దాకా రాలేదు. వచ్చి ఉంటే ఎట్లా ఉండేదో రెండేళ్ళుగా ఎన్నోసార్లు ఊహించుకోబోయి ఊహించుకోలేకపోయాడు. ఇప్పుడా మొహం తన గుమ్మంలో నిలబడి, పూలు ఎవరికివ్వాలా అని చూస్తోంది.

"నా పేరు మార్టి," అన్నాడాయన ఇంగ్లీషులో, మొహమాటంగా. "చెప్పకుండా వచ్చాను. ఎక్కువసేపు ఉండను." అందరికంటే ముందున్నది విద్యాసాగరే కాబట్టి అతనికి చెయ్యి చాపాడు.

విద్యాసాగర్ ఆ చెయ్యి పట్టుకున్నాడు.

హిల్మాని పొదివి పట్టుకుని నిలబడ్డ కనకదుర్గకి ఇక ఉండబట్టలేదు. తడిసి వచ్చిన పెద్దమనిషిని గుమ్మంలో నిలబెట్టడం ఆమె ఎరగదు. "అదేంటన్నయ్యా, అట్లా కొయ్యబారిపోయావ్?" అంది. "లోపలికి పిలువు. కుర్చీ వెయ్యి. వదినకి అన్నగారంటే నీకు బావగారు కాదూ? రండి బావగారూ, రండి, కూర్చోండి."

తననే ఏదో మర్యాదగా పిలుస్తున్నారని ఆయనకి అర్థమయింది. పెదవి ఎడమ చివర కిందికి వంచి నవ్వాడు.

"బావగారూ అంటే ఏమిటి?" అని అడిగాడు, విద్యాసాగర్ చెయ్యి ఇంకా వదలకుండానే.